రన్‌వే మీద సిగ్నల్

పేరు ముర్డో గిల్‌క్రిస్ట్.
షార్జా, మూడు దినాలు, ఏసీ కారు.
బుకింగుల రాసింది అంతే.
ఎనభై ఒక్క ఏండ్లు. చేతికట్టె. ఎడమ చెవిల మిషను.
కారెక్కంగనే వెనక సీట్లకెల్లి వంగి
రెండు చేతులతోటి నా చెయ్యి పట్టుకున్నడు.
పేరడిగిండు. "ఓదెలు" అన్న.
నోట్లె రెండుసార్లు తిప్పి చూసుకున్నడు.
ఓట్లడిగిన చెయ్యి, తొందరగ వదలదు, ఏమనుకోకు అన్నడు.

ఏమనుకుంట? ఇరవై రెండేండ్లల్ల
ప్యాసింజరు నా పేరు అడుగుడు అది మూడోసారి.

కింగ్ అబ్దుల్ అజీజ్ వీధిల సిగ్నల్ పడ్డది.
ఒక దిక్కు మందుల దుకాణం, ఒక దిక్కు షవర్మా.
ముసలాయన లేచి నిలవడ్డట్టే కూసున్నడు.
"ఇది రోడ్డు గాదు, రన్‌వే. నేను ఇక్కడ్నే దిగిన.
పందొమ్మిదేండ్లు. విమానం తలుపు తీస్తే
రొట్టెల బట్టీ మొకం మీద తెరిచినట్టుండె."
వాళ్ల పటాలం తలకు ఎర్రగళ్ల రుమాలు చుట్టుకునేదట.
ఒంటె పాలు తాగి నాలుగు దినాలు లేవలేదట.
అరబ్బీల ఆయనకు మిగిలినవి రెండే మాటలు:
నీళ్లు, ఆగు.

స్కాట్లాండుల ఏ ఊరు సారూ అంటే
ఊరేంది, బాయి ఉండె, బొగ్గుబాయి, అన్నడు.
బండి పక్కకు తీసిన.
మాది గోదావరిఖని. మా బాపు మలకట్ట.
ఎంత లోతు? అన్నడు. మీది ఎంత? అన్న.
ఇద్దరం లోతులు చెప్పుకున్నం,
వేరేటోళ్లు ఎకరాలు చెప్పుకున్నట్టు.
వాళ్ల నాయిన మా బాపు కన్న రెండు వందల గజాలు
ఎక్కువ దిగెటోడు, సముద్రం అడుగుకు.

అరవై అయిదుల టెలిగ్రాం వచ్చింది:
పైకప్పు కూలింది, నాయిన పోయిండు.
లీవు రాలే. జీతానికి ఇంకా పదకొండు దినాలు.
గేటు కాడ కాపలా ఉన్న బలూచీ, షాహ్‌దాద్ అనేటోడు,
కమీజు జేబుల చెయ్యి పెట్టి పదిహేను రూపాయలు తీసిండు.
అప్పుడు ఇక్కడ మన రూపాయలే నడిచేటియి.
అవి అమ్మకు పంపిండు. నెల తిరగకముందే బదిలీ.

తర్వాత యూనియన్ల తిరిగిండు. కౌన్సిలరయ్యిండు.
ఆ మీద పార్లమెంటు, పద్దెనిమిదేండ్లు.
ఆయన మెంబరుగ ఉండంగనే ఆ బాయి మూసిన్రు.
"ఒకసారి ఈ దిక్కు యుద్ధానికి ఓటేసిన.
మా తాన చెయ్యెత్తరు, ఓదెలూ.
ఒక వసారాలకెల్లి నడుస్తరు, లెక్క వెట్టుకుంటరు.
ముప్పై అడుగులుంటదేమో."
ఇంకేదో అనబోయి అద్దం దించిండు.
ఏసీ అంతా బయటికి పోయింది. నేనేమనలే.

మూడో దినం అల్ ఘువేర్ సందుల్ల దొరికింది
షాహ్‌దాద్ మనుమని సెల్‌ఫోన్ల కొట్టు.
పిలగాడు అంతా విని
"మా తాతా? అప్పా? చాయ్ కూడ ఇప్పియ్యకపోతుండె" అని నవ్విండు.
ఆ షాహ్‌దాద్ ఈ షాహ్‌దాద్ అవునో కాదో.
ముసలాయన బల్ల మీద వెయ్యి దిర్హాముల నోటు పెట్టి
చెయ్యి తియ్యలే.
పిలగాడు నన్ను చూసిండు. నేను పైన ఫ్యాన్ను చూసిన.
ఆఖరికి మిషన్ల రసీదు కొట్టిచ్చిండు:
ఫోన్ కవర్, నలుపు, ఒకటి.
రసీదు మడిచి పాస్‌పోర్టుల పెట్టుకున్నడు.
కవర్ నాకిచ్చిండు. నా ఫోనుకు పట్టదు.

ఎయిర్‌పోర్టు కాడ మల్ల రెండు చేతులు.
"మీ తాన నువ్వు ఓటు ఎవరికేస్తవు?"
వేసింది ఒక్కసారే సారూ, తొంభై తొమ్మిదిల.
గెలిచినోని పేరు యాదికి లేదు.
నవ్వుతడనుకున్న. నవ్వలే.

తిరిగొస్తుంటె మల్ల అదే సిగ్నల్.
మా బాపు పోయిన దినం నాకూ లీవు రాలే.
ఆ ముచ్చట మూడు దినాలు నోటిదాక వచ్చింది, చెప్పలే.
పక్క మంచం గుల్ జమాన్, పెషావరోడు,
ఫోన్ కార్డులకని ముప్పై దిర్హాములు చేతుల వెట్టిండు.
ఆరు నెలలకు ఎటో పోయిండు.

పచ్చలైటు పడ్డది. ఎనక హారన్లు.
రన్‌వే మీద ఆగొద్దట.